తెల్ల గీత

ఆ పాత సినిమా స్టూడియోలో మేడ మీదికి ముప్పై ఎనిమిది ఇనుప మెట్లు. డోర్కస్ హాలమ్ వాటిని రెండేళ్ళుగా తిట్టుకుంటూనే ఎక్కుతోంది. యాభై ఏడేళ్ళ మనిషి, మోకాళ్ళు రెండూ అరిగిపోయాయి, చేతిలో పన్నెండు రికార్డుల పెట్టె. లిఫ్టు ఉంది. కానీ అది నటీనటులకి, కెమెరాలకి, ఒకసారి నాటకంలో వేషం కట్టిన గుర్రానికి. గుర్రానికున్న మర్యాద కూడా నాకు లేకపోయిందే అని ఆ రోజు ఆమె పైకే అనేసింది. లిఫ్టువాడు పడీ పడీ నవ్వాడు గానీ ఎక్కించుకోలేదు.

మేడ మీద అద్దాల గదిలో వరసగా నాలుగు గ్రామఫోన్లు, వాటి ముందు ఒక కుర్చీ. ఆ కుర్చీ డోర్కస్‌ది. కింద నాటకం నడుస్తుంటే పైనుంచి ఆమె సంగీతం వేస్తుంది. 1952లో నాటకాన్ని పట్టి దాచి తీరిగ్గా చూపే ఏర్పాటు లేదు. స్టూడియోలో ఆడుతున్నది ఆడుతున్నట్టే ఇళ్ళలో టెలివిజన్ మీద కనబడేది. ఆదివారం సాయంత్రం ఆడిన నాటకమే గురువారం మళ్ళీ చూపాలంటే, అందరూ మళ్ళీ వచ్చి, మళ్ళీ మొహాలకి రంగు పూసుకుని, మొదటినుంచి ఆడాల్సిందే. ఆదివారం చచ్చిపోయినవాళ్ళు గురువారం ఇంకోసారి చచ్చిపోవాలి. ఎక్కడ ఏ తప్పు దొర్లినా దొర్లినట్టే, దిద్దుకునే వీలు లేదు.

అందుకని రికార్డుల మీద గీతలు గీసుకునేవాళ్ళు. సంగీతం ఏ ముక్క దగ్గర అందుకోవాలో ముందే విని, సరిగ్గా ఆ గాడి మీద మైనం పెన్సిల్‌తో సన్నటి గీత పెట్టుకోవాలి. నాటకం వేళకి ముల్లు ఆ గీత మీద దించి, రికార్డు కదలకుండా చూపుడువేలితో ఆపి ఉంచాలి. కింద పళ్ళెం తిరుగుతూనే ఉంటుంది. ఎర్ర దీపం వెలగ్గానే వేలు తీసెయ్యాలి. ఒక్కొక్కరిది ఒక్కో రంగు పెన్సిల్. డోర్కస్‌ది తెలుపు. పని అయ్యాక ఎవరి గీత వాళ్ళు గుడ్డతో తుడిచి, రికార్డుని లైబ్రరీకి తిప్పి పంపాలి. ఇదెక్కడా రాసిపెట్టిన నియమం కాదు. అయినా తుడవకుండా పంపేవాణ్ణి ఆ మేడ మీద మనిషి కింద లెక్కకట్టేవాళ్ళు కాదు.

డోర్కస్ హాలిఫాక్స్‌లో ఉన్నిమిల్లు మేస్త్రీ కూతురు. పదహారో ఏట ఊళ్ళో సినిమాహాల్లో పియానో ముందు కూర్చుంది. మూగ సినిమాల రోజులు. తెర మీద గుర్రాలు పరిగెడితే ఆమె వేళ్ళూ పరిగెత్తాలి, తెర మీద తల్లి ఏడిస్తే పియానో ఏడవాలి. చేరిన మొదటి వారమే హాలు మేనేజరు పిలిచి చెప్పాడు.

"చూడమ్మాయ్, జనం బయటికెళ్తూ సినిమా బాగుందనాలి. పియానో బాగుందన్నారో, ఆ రోజు నువ్వు తప్పు చేసినట్టే. జీతం కోసేస్తా."

ఆ మాటకి ఒళ్ళు మండింది గానీ, ఒంటబట్టింది కూడా. పద్దెనిమిదేళ్ళపాటు, ఉన్నట్టు ఎవరికీ తెలియకుండా వాయించింది. అప్పుడు సినిమాలకి మాటలొచ్చాయి. మేనేజరు పియానో మూత వేసేసి, దాని మీద మిఠాయి పొట్లాలు పేర్చి అమ్మడం మొదలెట్టాడు. డోర్కస్ ఒకరోజు వెళ్ళి ఆ మూత మీది పిప్పరమెంట్ల పొట్లం ఒకటి కొనుక్కుని, ఒక్కటి కూడా నోట్లో వేసుకోకుండా దాన్ని ఇంటికి తెచ్చుకుంది.

ఆ తర్వాత లీడ్స్‌లో ఒక టీ హోటల్లో వాయించింది. గ్రామఫోన్ దుకాణంలో కౌంటరు వెనక నిలబడింది. యుద్ధం రోజుల్లో రేడియో నాటకాలకి తలుపుల చప్పుళ్ళు, వానల చప్పుళ్ళు వేసింది. యుద్ధం అయ్యాక టెలివిజన్‌లోకి వచ్చిపడింది. మధ్యలో పెళ్ళి ఒకటి కుదరబోయి తప్పిపోయింది. ఆ ఊసు ఆమె ఎత్తదు కాబట్టి మనమూ వదిలేద్దాం.

ఆ ఏడాది చలికాలం నుంచి ఆమె కళ్ళు మొరాయించాయి. వీధి దీపాల చుట్టూ గుండ్రంగా వెలుగు చక్రాలు కనబడేవి. తెల్ల దుప్పటి టీలో ముంచి తీసినట్టుండేది. డాక్టరు టార్చి వేసి చూసి, "శుక్లాలమ్మా. ఇంకా ముదరాలి. ముదిరాక తీసేద్దాం," అన్నాడు, పనసకాయ సంగతేదో చెప్పినంత తాపీగా.

ఆ సంగతి ఆమె ఎవరి దగ్గరా అనలేదు. అనడానికి సమయం కూడా అది కాదు. వచ్చే సెప్టెంబరులో నాటకాలన్నీ కొత్త స్టూడియోకి మారుతున్నాయి. రికార్డులు వేసేవాళ్ళు ఐదుగురు, అక్కడ కుర్చీలు మూడే. మిగిలిన ఇద్దరూ నేలమాళిగలో ఉన్న రికార్డుల లైబ్రరీకి పోయి, దుమ్ము దులుపుకుంటూ, చిరిగిన అట్టలు అతికించుకుంటూ కూర్చోవాలి. ఎవరెక్కడికో తేల్చే జాబితా జూన్ రెండో శుక్రవారం గోడకి అంటిస్తారు. ఆ ఉద్యోగం మీద డోర్కస్‌కి మోజు మిగిలి ఉందా అంటే, లేదు. ఎన్నో ఏళ్ళ అలసట ఆమె ఒంట్లో పేరుకుపోయింది. కానీ ఆ కుర్చీ పోతే సంగీతంతో ఇక తనకి ఏ సంబంధమూ ఉండదు. ఒకసారి పియానో మూత మీద పిప్పరమెంట్లు చూసింది. రెండోసారి అలాంటిది చూసే ఓపిక ఆమెకి లేదు.

ఆ శుక్రవారానికి ముందు ఆదివారం ఆడిన నాటకం పేరు 'వెనక గది'. సముద్రపు ఒడ్డున గదులు అద్దెకిచ్చుకుని బతికిన ఒక ముసలావిడ కథ. ఆ వేషం మార్జరీ వీచ్ అనే ఆవిడది. పెద్ద పేరున్న నటి కాదు, ఊరూరా తిరిగి ఆడిన మనిషి. చివరి దృశ్యంలో ముసలావిడ మంచం మీద ఉండి కిటికీ తియ్యమంటుంది. కూతురు తీస్తుంది. అప్పుడు సన్నగా వయొలిన్లు మొదలవ్వాలి. అవి మోగుతుండగా ఆవిడ రెండు మాటలు చెప్పి కళ్ళు మూస్తుంది. అంతే నాటకం.

ఆ వయొలిన్ల రికార్డు రెండోవైపు రెండు ముక్కలున్నాయి. మొదటిది వయొలిన్లు, రెండోది తిరనాళ్ళలో రంగులరాట్నం దగ్గర మోగే హుషారు పాట. పొద్దున్న రిహార్సల్లో అంతా సవ్యంగానే జరిగింది. మధ్యాహ్నం ఎవరో టీ కప్పు పెట్టబోయి ఆ రికార్డు అంచు విరగ్గొట్టారు. లైబ్రరీ నుంచి ఇంకో ప్రతి తెప్పించేసరికి ఏడున్నర. డోర్కస్ గబగబా విని, వయొలిన్ల దగ్గర తన తెల్ల గీత పెట్టుకుంది. అంతకుముందు ఆ ప్రతి వాడుకున్న మహానుభావుడెవడో తన పసుపు గీత తుడవకుండా పంపాడు. అది రంగులరాట్నం పాట మొదట్లో ఉంది. కళ్ళు సరిగ్గా ఉంటే ఆమె అక్కడే బూతులు తిట్టి తుడిచేసేదే. ఆమె కళ్ళకి తెలుపూ పసుపూ ఒకటే అయిపోయి చాలా రోజులైంది.

నాటకం నడిచేటప్పుడు అద్దాల గదిలో దీపాలు తగ్గిస్తారు. చివరి దృశ్యానికి ముందు సముద్రపు హోరు రికార్డు ఆపాల్సి వచ్చి, హెడ్‌ఫోన్లు పెట్టుకుని వినే వ్యవధి దొరకలేదు. గీత చూసి ముల్లు దించింది. ఎర్ర దీపం వెలిగింది, వేలు తీసింది.

రంగులరాట్నం మోగింది.

పక్కన మీటల బల్ల దగ్గర కూర్చున్న సిరిల్ టాప్లీ డోర్కస్ వైపు తిరిగాడు. మైకుల శబ్దాలూ ఆమె సంగీతమూ హెచ్చించి తగ్గించేది అతనే. లండన్ రేవు ప్రాంతంవాడు, నోరు ఊరుకోదు, మనసు మంచిది.

"తీసెయ్యనా?" అన్నాడు గొణుగుతూ.

"వద్దు. టక్కున ఆపితే ఊరంతా తెలుస్తుంది. మెల్లగా దించు."

బల్ల మీది చిన్న తెరలో మార్జరీ వీచ్ మొహం కనబడుతోంది. పాట చెవిన పడగానే ఆవిడ కిటికీ వైపు తిరిగింది. నోరు తెరిచింది, మాట రాలేదు. కళ్ళు మాత్రం ఎక్కడికో వెళ్ళిపోయాయి. అలాగే వెనక్కి వాలింది. నటీనటుల పేర్లు రాసిన అట్టలు తెర మీదికి వచ్చాయి, నాటకం అయిపోయింది.

దర్శకుడు ఆబ్రీ లైల్ పక్క గదిలోంచి వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. ముప్పై మూడేళ్ళవాడు, మెడలో పట్టు రుమాలు. ఒక నిమిషం ఆమెని చూసి, "రేపు పొద్దున్న నా గదికి రండి, మిస్ హాలమ్," అని వెళ్ళిపోయాడు.

"నేలమాళిగలో చలెక్కువ," అన్నాడు సిరిల్. "నాన్న కోటొకటుంది, తెచ్చిస్తాలే." నవ్వించాలనే అన్నాడు. ఆమెకి నవ్వు రాలేదు.

సోమవారం పొద్దున్న జావ గిన్నె ముందు కూర్చుంటే ఇంటావిడ మిసెస్ గ్రమిట్ చేతులు తుడుచుకుంటూ వచ్చింది. ఆవిడింట్లో డోర్కస్ పదకొండేళ్ళుగా ఒక గదిలో ఉంటోంది. వాళ్ళ ముందుగదిలో కొత్తగా టెలివిజన్ పెట్టె వెలిసింది.

"ఏమ్మా, నిన్న ఆ రంగులరాట్నం పాట ఎవరు పెట్టారో గానీ, నేను ఏడ్చి ఛస్తే నమ్ము! మా ఆయన కూడా ముక్కు చీదుకున్నాడు, జలుబని బుకాయించాడనుకో. ఇన్నాళ్ళూ చూస్తున్నానా, నాటకాల్లో సంగీతం ఉంటుందని నిన్ననే తెలిసింది నాకు."

"ఉంటుందండీ," అంది డోర్కస్. జావ గిన్నె పక్కకి జరిపి లేచింది.

లైల్ గదిలో బల్ల నిండా పేపర్లు పరిచి ఉన్నాయి. అతని మొహం వెలిగిపోతోంది. ఒక పేపరు తీసి పైకి చదివాడు: "'కిటికీలోంచి తిరనాళ్ళు లోపలికి వస్తుంటే ప్రాణం బయటికి వెళ్ళిపోయింది. ఆ దర్శకుడి సాహసానికి జోహారు.' ఇంకో రెండు పేపర్లు కూడా ఇదే గోల. విన్నారా?"

"విన్నాను."

"అది రిహార్సల్లో నేనే అన్నాను కదూ మీతో? రంగులరాట్నం పాటైతే ఎలా ఉంటుందీ అని?"

"లేదు మిస్టర్ లైల్. మీరు అనలేదు. అది నా పొరపాటు. గీత తప్పు చూసుకున్నాను."

లైల్ సిగరెట్ వెలిగించుకుని, పొగ పైకి వదిలి, నవ్వాడు. "అని ఉంటానులెండి. ఆ పొరపాటు మాట ఇంకెక్కడా అనకండి, మీకూ మంచిది కాదు, నాకూ మంచిది కాదు. గురువారం మళ్ళీ అదే పాట. ఈసారి గట్టిగా వినబడాలి. మార్జరీ చివరి మాటలు రెండూ కొట్టేశాను, అక్కడ పాటే ఉండాలి. కొత్త స్టూడియోలో నా నాటకాలన్నిటికీ మీరే వేస్తారు. శుక్రవారం జాబితాలో మొదటి పేరు మీదే ఉంటుంది, నేను చూసుకుంటా. గురువారం నాటకం చివర మీ పేరు కూడా వేయిస్తున్నాను. ఇప్పటిదాకా ఎప్పుడైనా పడిందా?"

"పడలేదు."

"అదిగో! ఏమంటారు?"

డోర్కస్ తన చేతుల వైపు చూసుకుంది. సరే అంది. మెట్లు దిగేటప్పుడు గానీ తను ఏమందో ఆమెకి తెలియలేదు. తెలిశాక సిగ్గుతో చెవులు కాలిపోయాయి. ఇన్నేళ్ళు సరిగ్గా వేసిన వేల పాటల్ని పలకరించినవాడు లేడు. గుడ్డిగా వేసిన ఒక్క పాటకి ఊరంతా చప్పట్లు. పైగా దాన్ని కావాలని ఇంకోసారి గుడ్డిగా వెయ్యాలి. అయినా జాబితాలో మొదటి పేరు అన్న మాట ఆమెని వదల్లేదు. ఆ రెండు రోజులూ అది తలుచుకున్నప్పుడల్లా కాస్త ఊపిరాడినట్టుండేది.

బుధవారం క్యాంటీన్లో టీ కప్పు పట్టుకుని మార్జరీ వీచ్ ఎదురుగా వచ్చి కూర్చుంది. అంతకుముందు వాళ్ళిద్దరూ మాట్లాడుకున్నది లేదు. నటులు కింద, రికార్డులవాళ్ళు పైన.

"కూర్చోవచ్చాండీ? అక్కడ ఆ కుర్రాళ్ళు నా మౌనం గురించి మెచ్చుకుని మెచ్చుకుని చంపేస్తున్నారు."

"పేపర్లో చదివాను," అంది డోర్కస్.

"మౌనమా నా మొహమా! మాట మర్చిపోయానండీ." మార్జరీ గొంతు తగ్గించింది. "ముప్పై తొమ్మిదేళ్ళు ఆడాను, ఒక్క ముక్క మర్చిపోలేదు. జ్వరంతో ఆడాను, తమ్ముడు పోయిన సాయంత్రం ఆడాను. మొన్న ఆ పాట రావడంతోటే బుర్రలో ఉన్నదంతా తుడుచుకుపోయింది. నోరు తెరిచాను, ఏదీ లేదు అక్కడ."

డోర్కస్ చెంచాతో కప్పులో తిప్పుతూ ఉండిపోయింది. చక్కెర ఎప్పుడో కరిగిపోయింది.

"ఏ మాటలో తెలుసా అవి? 'ఆ కిటికీ చెక్క పెచ్చులూడుతోంది చూడు. వచ్చే ఏడు రంగు వేయించాలి.' అంతే. చదవగానే ఏడ్చేశానండీ. మా అమ్మ పోయే ముందురోజు కర్టెన్లు ఉతకలేదని బాధపడింది. మనుషులు అలాగే పోతారు, మిగిలిపోయిన పనులు చెప్పుకుంటూ. ఆ రెండు మాటలు చెప్పడానికే ఈ వేషం ఒప్పుకున్నాను. ఈ వయసులో ఇలాంటివి మళ్ళీ రావు. ఇప్పుడు లైల్ కొట్టేశాడు. చెప్పినా ఆ పాట గోలలో ఎవరికి వినబడుతుంది?" ఆవిడ టీ తాగేసి లేచింది. "మీ తప్పేం లేదులెండి. ఆయన వెయ్యమన్నాడు, మీరు వేశారు."

'ఆయన కాదు, నేనే' అన్న మాట డోర్కస్ నాలుక చివరిదాకా వచ్చింది. పైకి రాలేదు. మార్జరీ కప్పు తీసుకుని వెళ్ళిపోయింది.

గురువారం నాలుగింటికి డోర్కస్ ఆ రికార్డు తీసుకుని అద్దాల గది బయట కిటికీ దగ్గరికి వెళ్ళింది. ఎండలో ఎంత తిప్పి చూసినా రెండు గీతలూ ఒకేలా కనబడ్డాయి. లోపలికొచ్చి, హెడ్‌ఫోన్లు పెట్టుకుని, ఒక గీత దగ్గర ముల్లు దించి విన్నది. వయొలిన్లు. రెండో గీత దగ్గర దించింది. రంగులరాట్నం. ఆ గీత మీద వేలు పెట్టుకుని, జేబులోంచి గుడ్డ తీసి, నున్నగా తుడిచేసింది.

సిరిల్ బల్ల మీద తల పెట్టి కునుకు తీస్తున్నాడనుకుంది. తీయట్లేదు.

"తల్లీ, తుడిచింది ఏ గీత?"

"ఎవడో ముందు గీసి వదిలేసిన గీత. తుడవాలా వద్దా?"

"రేపు శుక్రవారం."

"ఇవాళ గురువారం."

సిరిల్ లేచి కూర్చున్నాడు. "ఒక్క రోజు ఆగలేవూ? ఇవాళ ఆ వెధవ పాట వేసెయ్. రేపు జాబితాలో పేరు పడుతుంది. ఆ తర్వాత జీవితాంతం నీకిష్టమొచ్చినట్టు తుడుచుకో. ఎవడడిగాడు?"

"నాకు కళ్ళు కనబడట్లేదు సిరిల్."

అతను కుర్చీ ఆమె వైపు తిప్పాడు.

"తెలుపేదో పసుపేదో తెలియట్లేదు. మొన్న జరిగింది అదే. కొత్త స్టూడియోకి పోతే ఇంకోసారి జరుగుతుంది. ఈసారి పేపర్లు మెచ్చుకోవు. ఎవరో ఒకరి మాట మళ్ళీ నా చేతిలో పోతుంది. ఒక ఆడమనిషి మాటలు ఇప్పటికే పోగొట్టాను, చాలు."

సిరిల్ మూడు వేళ్ళు ఎత్తి ఆమె మొహం ముందు ఆడించాడు. "ఎన్ని?"

"అంత గుడ్డిదాన్ని కాలేదులే, మూడు. గోళ్ళు కత్తిరించుకో."

"నువ్వు కిందికి పోతే నా పక్కన ఆ ఈలలేసే రికార్డులవాణ్ణి కూర్చోబెడతారు. అది ఆలోచించావా?" అన్నాడు సిరిల్. గొంతు మాత్రం పూర్తిగా హాస్యంలా లేదు. మీట మీద వేలు పెట్టి అడిగాడు, "వయొలిన్లు ఎంత ఎత్తమంటావ్?"

"ఉన్నాయో లేవో అనేంత."

ఎనిమిదిన్నరకి నాటకం మొదలైంది. చివరి దృశ్యం వచ్చేసరికి డోర్కస్ ముల్లు దించి, హెడ్‌ఫోన్లో మొదటి స్వరం విని, మళ్ళీ వెనక్కి తిప్పి, ఇంకోసారి విన్నది. సముద్రపు హోరు ఈసారి కొంచెం ముందే ఆపింది. చూపుడువేలు రికార్డు అంచున ఆనించింది. ఏళ్ళ తరబడి చేస్తున్న పని, అది వేళ్ళకి తెలుసు, కళ్ళే దారి తప్పాయి.

చిన్న తెరలో ముసలావిడ కిటికీ తియ్యమంది. కూతురు తీసింది. ఎర్ర దీపం వెలిగింది. డోర్కస్ వేలు తీసింది. సిరిల్ మీట వెంట్రుకవాసి పైకి జరిపి వదిలేశాడు.

"ఏదీ పాట?" హెడ్‌ఫోన్లో లైల్ అరిచాడు. "పాట ఏదీ? సిరిల్! ఆవిడ నిద్రపోతోందా? పాట వెయ్యమను!"

సిరిల్ ఒక చెవి మీది హెడ్‌ఫోన్ పక్కకి జరిపి, ఆ చెవి గోక్కున్నాడు.

తెర మీద మార్జరీ కిటికీ వైపు చూస్తోంది. ఒక ఊపిరి గడిచింది. ఇంకో ఊపిరి గడిచింది. రంగులరాట్నం కోసం ఎదురు చూస్తోందని డోర్కస్‌కి తెలుసు. అది రాలేదు. ఆవిడ కళ్ళు కిటికీ మీంచి కిటికీ చెక్క మీదికి దిగాయి.

"ఆ కిటికీ చెక్క పెచ్చులూడుతోంది చూడు," అంది, ఇంట్లో అన్నట్టు, పక్కనున్న కూతురితో. కాస్త ఆగింది. "వచ్చే ఏడు రంగు వేయించాలి."

అంతటితో తల పక్కకి వాలింది. లైల్ అరుపులు ఎప్పుడు ఆగాయో ఎవరూ గమనించలేదు. డోర్కస్ కళ్ళ నుంచి నీళ్ళు కారుతున్నాయి. శుక్లాల వల్ల కాదు.

పేర్ల అట్టలు ఒక్కొక్కటే కెమెరా ముందు తిరిగాయి. ఆమెకి అక్షరాలు మసకమసకగా కనబడ్డాయి. సిరిల్ ముందుకి వంగి చదివాడు.

"సంగీతం, డోరిస్ హాలమ్."

"ఎవరూ?"

"డోరిస్. అట్ట రాసినవాడికి నీ పేరు నోరు తిరగలేదు కాబోలు." ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకుని, ఎన్నాళ్ళకో కడుపారా నవ్వుకున్నారు. మైకులు ఇంకా తెరిచే ఉన్నాయేమోనని సిరిల్ నోరు మూసుకుని మరీ నవ్వాడు.

లైల్ వచ్చేసరికి ఆమె తన గీత తుడుస్తోంది. అతని మెడలోని పట్టు రుమాలు చేతిలోకి వచ్చేసింది.

"ఎందుకు చేశారీ పని? నేనేం అన్యాయం చేశాను మీకు?"

"ఏమీ చెయ్యలేదు మిస్టర్ లైల్. నా గీత మొదట్నుంచీ అక్కడే ఉంది. ఆదివారం నాకది కనబడలేదు, ఇవాళ కనబడింది."

"మంచిది. రేపు జాబితా చూసుకోండి."

"మీరే చదివి చెప్పాలి. చిన్న అక్షరాలు నాకు ఆనవు," అంది డోర్కస్. వెటకారంగా అనలేదు. అతను ఒక్క క్షణం ఆమె కళ్ళలోకి చూసి, మెట్లు దిగిపోయాడు.

ఆమె రికార్డుల పెట్టె సర్దుకుని, ముప్పై ఎనిమిది మెట్లూ ఒక్కొక్కటే దిగింది. ఇక రోజూ ఎక్కే బాధ ఉండదు. నేలమాళిగకి పది మెట్లే. ఆ ఆలోచనకి హాయిగా ఉండాల్సింది, లేదు. సగంలో ఆగి కమ్మీ పట్టుకుని కాసేపు నిలబడింది.

కింద నడవాలో మార్జరీ వీచ్ ఎదురైంది. మొహం మీద రంగుతో గీసిన ముడతలు సగం తుడుచుకుంది, సగం అలాగే ఉన్నాయి, చేతిలో తువ్వాలు.

"మిస్ హాలమ్! ఆ రంగులరాట్నం రాలేదేమండీ ఇవాళ? మెషీన్ ఆగిపోయిందా ఏమిటి? ఒక్క క్షణం చూశాను, రెండు క్షణాలు చూశాను. ఇక రాదని తెలిసి నా మాటలు నేను చెప్పేసుకున్నా! కొట్టేసిన మాటలు! లైల్ నన్ను తింటాడు, తిననీండి. చెప్పేశానండీ!" ఆవిడ చిన్నపిల్లలా తువ్వాలు మొహానికి అడ్డం పెట్టుకుని నవ్వింది. తర్వాత తువ్వాలు దించి, కనుబొమలు ముడిచింది. "అవునూ, అక్కడ వయొలిన్లు ఉండాలి కదా మొదట అనుకున్న ప్రకారం? ఇవాళ అసలు సంగీతం వేశారా మీరు? నాకేమీ వినబళ్ళేదే."

డోర్కస్ పెట్టె ఈ చేతిలోంచి ఆ చేతిలోకి మార్చుకుంది. సినిమాహాల్లో పియానో ముందు కూర్చున్న నాటి నుంచి, నలభై ఒక్క ఏళ్ళుగా, ఈ మాట ఎవరైనా తన మొహం మీద అంటే బాగుండునని కాచుకుని ఉన్నట్టు ఆమెకి అప్పుడే తెలిసింది.

"వేశానండీ," అంది.